బొల్లికి చెప్పిన మాట

మా బొల్లి గేదెకు దూడ చచ్చిపోయిన ఏడు, అంటే ఎనభయ్యో సంవత్సరం ఎండాకాలంలో, మా మరిది చిన్నబాబు మద్రాసు నుంచి పెట్టె, పరుపుచుట్ట సర్దుకుని నందిగామలో దిగాడు.

చిన్నబాబు సినిమాలకు కథలు రాసేవాడు. అందరూ రాసే కథలు కావు. అతని కథల్ని ఎప్పుడూ ఏదో ఒక జంతువు చెబుతుంది. ఒకటి కాకి చెబుతుంది, ఇంకొకటి జట్కా గుర్రం చెబుతుంది. వాటిలో కుక్క చెప్పిన కథ ఒక్కటే తెరకెక్కింది. దాన్ని విజయవాడలో వారం తిరక్కుండానే ఎత్తేశారు. అప్పటి నుంచి మా బంధువుల్లో అతనికి కుక్క రైటరని పేరు. పెళ్ళి పంక్తిలో కూర్చుంటే చాలు, ‘ఏరా, ఈసారి పిల్లి చేత చెప్పిస్తావా?’ అని ఎవరో ఒకరు అడిగేవారు. అతను కూడా నవ్వేవాడు. ఆ తర్వాత విస్తట్లో సగం వదిలేసి లేచేవాడు.

జగ్గయ్యపేటలో సున్నపు బట్టీలున్న వరప్రసాదరావు గారు సినిమా తీయాలని సరదా పడుతున్నారు, వచ్చి కథ వినిపించమని మా ఆయన కబురు పెడితే వచ్చాడు. ఇది కూడా పోతే ఇంక మద్రాసు మొహం చూడనని, అన్నతో పాటు మిరపచేను చూసుకుంటానని వచ్చిన రోజునే మావయ్య గారి ముందు ఒప్పుకున్నాడు. ఒప్పుకున్నాడన్న మాటే గాని, అప్పుడు అతని మొహం చూసిన వాళ్ళకి ఆ పూట అన్నం సహించదు. మావయ్య గారు మాత్రం, ‘సరే, ముందు కథేదో రాయరా’ అని మంచం మీద అటు తిరిగి పడుకున్నారు.

పిల్లలు సెలవులకి మైలవరం, మా అమ్మ వాళ్ళింటికి వెళ్ళారు. ఇల్లు ఖాళీగానే ఉంది. అయినా చిన్నబాబు ఇంట్లో గది వద్దని పెరట్లో గొడ్ల సావిడిని ఆనుకుని ఉన్న దాణా గదిలో మంచం వేసుకున్నాడు. దానికీ సావిడికీ మధ్య తాటాకు తడిక తప్ప గోడ లేదు. ఈసారి గేదె చేత కథ చెప్పిస్తాడట. మధ్యాహ్నం పూట బొల్లి ఎదురుగా గొంతుక్కూర్చుని, దాని తల ఎంత ఎత్తులో ఉంటే తన తలా అంతే ఎత్తులో పెట్టి, అది ఎటు చూస్తే అటు చూసేవాడు.

“వదినా, గేదెకి మన మొహాలు పట్టవు. తల దించుకుని మేస్తుంటే దానికి కనపడేవి మన చేతులు, కాళ్ళు, బట్టలు. అంతే. అందుకని నా కథలో మొహాలుండవు” అన్నాడు ఒకరోజు.

“మొహాల్లేని సినిమాకి ఎవరొస్తారయ్యా?” అన్నాను.

“చేతులు కూడా ఏడుస్తాయి వదినా, చూడాలే గాని.”

“ఏడుస్తాయి గాని, ముందు ఆ పేడలోంచి కాలు తియ్యి.”

ఇద్దరం నవ్వుకున్నాం. మా మధ్య ఎప్పుడూ అలాగే నడిచేది. నేను ఈ ఇంటికి వచ్చేటప్పటికి అతను నిక్కర్లలో ఉన్నాడు. అత్తగారు లేని ఇల్లు కాబట్టి అన్నం పెట్టినా కోప్పడినా నేనే.

ఇంతకీ బొల్లి సంగతి చెప్పాలి. దూడ పోయాక అది పాలు ఎగబెట్టింది. పొదుగు రాయిలా నిండి ఉండేది గాని చేపేది కాదు. చన్ను పట్టుకుంటే చుక్క కిందికి వదిలేది కాదు. చచ్చిన దూడ తోల్లో గడ్డి కుక్కి తెచ్చి ముందు నిలబెట్టారు. ఒకసారి వాసన చూసి తల తిప్పుకుంది. మా ఆయన జగన్నాథరావు గారు దాన్ని మైలవరం సంతకి తోలేద్దామన్నారు. నాకు మనసొప్పలేదు. ఒక తెల్లవారుజామున పొదుగు నిమురుతూ ఊరికే ఏదో గొణుక్కుంటుంటే, చెంబులో జుయ్యిమని ధార పడింది. దానికి కావలసింది దూడ కాదు, మాట. మాటాడుతూ ఉంటే చేపేది, ఆపితే ఆపేసేది.

రోజూ రెండు పూటలా మాట్లాడాలంటే మాటలెక్కడి నుంచి వస్తాయి? మొదట్లో పప్పు మాడిపోయిన సంగతి, చీర పోగు లేచిన సంగతి చెప్పాను. అవి అయిపోయాక అసలు సంగతులు మొదలయ్యాయి. చిన్నబాబు వచ్చాక కూడా మానలేదు. పొద్దు నడినెత్తికెక్కితే గాని లేచే రకం కాదు కదా అనుకున్నాను.

అసలు సంగతి మావయ్య గారిది. ఆయన పేరు కొండలరావు. ముప్ఫయ్యేళ్ళు మునసబు చేసి దిగిన మనిషి. ఆయన అరుగు మీద కూర్చుంటే ఎదురు బజారులో సైకిలు తొక్కేవాళ్ళు దిగి నడిపించుకుంటూ పోయేవారు. ఉగాది వెళ్ళాక ఒకరోజు చీకటితో లేచి పాలచెంబు తీసుకుని పెరట్లోకి వెళితే, కుడితి తొట్టి వెనకాల ఆయన వంగుని పంచె ఉతుక్కుంటున్నారు. నన్ను చూసి, “మజ్జిగ ఒలికిందమ్మాయ్” అన్నారు. మజ్జిగ వాసన నాకు తెలియదా.

“ఇలా ఇవ్వండి మావయ్యా” అన్నాను.

ఆయన ఇవ్వలేదు. నేనే చేతిలోంచి తీసుకున్నాను. కాసేపటికి, “పెద్దాడికి తెలియనీకమ్మా. చిన్నాడికి కూడా” అన్నారు.

“ఏ మనిషికీ చెప్పను” అన్నాను.

అప్పటి నుంచి తెల్లారకముందే ఆయన మంచం కింద చుట్టచుట్టిన పంచె తీసుకుని, ఉతికి, సావిడి వెనక దండెం మీద ఆరేసేదాన్ని. మా ఆయన చేలోంచి వచ్చేసరికి అది మడత పెట్టి మావయ్య గారి పెట్టెలో ఉండేది. మావయ్య గారూ నేనూ దాని గురించి మళ్ళీ మాట్లాడుకోలేదు. పొద్దున కాఫీ ఇచ్చేటప్పుడు మాత్రం ఆయన నా మొహం చూసేవారు కాదు.

మంచి పనే చేశానని ఎవరైనా అంటారు. అక్కడితో ఆగి ఉంటే మంచిదే. ఇచ్చిన మాట మనిషికి చెప్పనని గదా, గొడ్డుకి చెబితే ఏం పోయిందనుకున్నాను. చెప్పినదాన్ని ఊరికే చెప్పానా? పొద్దున్నే తడి పంచె భుజాన వేసుకుని, పాలు పితుకుతూ, బొల్లి చెవిలో మేలమాడాను. “చూశావటే బొల్లీ, ఒకప్పుడు ఈయన దగ్గితే ఊళ్ళో కుక్కలు మొరగడం మానేసేవంట. ఇప్పుడు పక్క తడుపుకుని చంటిపిల్లాడల్లే నా వంక బిక్కమొహం వేసుకుని చూస్తున్నాడు.” అలా అన్న రోజున బొల్లి చెంబు నిండా ఇచ్చింది. నాకూ హాయిగా ఉండేది. ఆ ఇంట్లో పదిహేనేళ్ళ నుంచి ఆయన దగ్గుకి నేనూ బెదిరినదాన్నే గదా. ఆ హాయి తలుచుకుంటేనే నాకు ఇప్పటికీ సిగ్గేస్తుంది.

మే నెలలో ఒక సాయంత్రం వరప్రసాదరావు గారు తెల్ల అంబాసిడరులో వచ్చారు. బట్టీల మీద పనిచేసే గుమాస్తాలు ఇద్దరిని కూడా వెంట తెచ్చుకున్నారు. అరుగు మీద నీళ్ళు చల్లి కుర్చీలు వేశాం. మావయ్య గారు ఇస్త్రీ పంచె, కండువా వేసుకుని పడక్కుర్చీలో కూర్చున్నారు. ఇరుగుపొరుగు వాళ్ళు సినిమా కథంటే పిలవకుండానే వచ్చి గేటు దగ్గర నిలబడ్డారు. నేను మజ్జిగ గ్లాసులు పంపించి, తలుపు చాటున నిలబడ్డాను.

చిన్నబాబు కుర్చీలో కూర్చోలేదు. కింద గొంతుక్కూర్చుని, తల కాస్త వంచి, మొదలుపెట్టాడు.

“నా పేరు బొల్లి. నాకు మనుషుల మొహాలు తెలియవు. ఈ జమీందారు గారింట్లో నాకు తెలిసినవి కాళ్ళు. కిర్రుచెప్పులేసుకున్న కాళ్ళు జమీందారువి. అవి వస్తుంటే అందరి కాళ్ళూ పక్కకి జరుగుతాయి. మట్టెలున్న కాళ్ళు కోడలివి. అవి వస్తే నాకు కుడితి వస్తుంది...”

బాగా చెప్పాడు. గొంతు పెంచలేదు, చేతులు ఊపలేదు. దూడ చచ్చిపోయిన చోట గేటు దగ్గర ఆడవాళ్ళు ముక్కు చీదారు. నాకు గుండె గర్వంతో పొంగింది. కాని సినిమా తీసేది గేటు దగ్గర ఆడవాళ్ళు కాదు. వరప్రసాదరావు గారు ఒకసారి ఆవలించారు. కాసేపటికి ఇంకోసారి ఆవలించి, గుమాస్తా వైపు చూశారు. గుమాస్తా చెప్పుల్లో కాళ్ళు పెట్టుకున్నాడు.

“బానే ఉందయ్యా” అన్నారాయన. “కాకపోతే మరీ ఏడుపు గొట్టుగా ఉంది. గరికపాడు దగ్గర మనిషి నాకోసం చూస్తుంటాడు. మిగతాది ఇంకోసారి...”

“ఒక్క సీను. ఈ ఒక్క సీను విని వెళ్ళండి సార్” అన్నాడు చిన్నబాబు. అతని గొంతులో ఆ బతిమాలాట వినలేక మా ఆయన తల పక్కకి తిప్పుకున్నారు. చిన్నబాబు ఒక్క క్షణం నేను నిలబడిన తలుపు వైపు చూశాడు. ఎందుకు చూశాడో నాకు తెలియలేదు.

“తెల్లారగట్ట. ఇంకా మసక చీకటి. గాజుల చప్పుడైంది. కోడలు వచ్చింది. భుజం మీద తడి పంచె ఉంది. జమీందారు పంచె. నా చెవి దగ్గరికి వంగి అంటోంది. చూశావటే బొల్లీ, ఒకప్పుడు ఈయన దగ్గితే ఊళ్ళో కుక్కలు మొరగడం మానేసేవంట...”

తర్వాత మాట కూడా చెప్పాడు. చంటిపిల్లాడనీ, బిక్కమొహమనీ, ఒక్క అక్షరం పొల్లుపోకుండా, నేను సాగదీసినట్టే సాగదీసి చెప్పాడు.

వరప్రసాదరావు గారు పగలబడి నవ్వారు. ఆయన నవ్వాక గుమాస్తాలు నవ్వారు, గేటు దగ్గర వాళ్ళు నవ్వారు, మా ఆయన తొడ చరుచుకుని మరీ నవ్వారు. అందరికంటే ఆఖరున మావయ్య గారు నవ్వారు. ముందు కండువా నోటికి అడ్డం పెట్టుకున్నారు. తర్వాత దాన్ని తీసేసి, పడక్కుర్చీ కిర్రుమనేలా, కళ్ళనీళ్ళు వచ్చేలా నవ్వారు. “భలే చెప్పావురా చిన్నోడా” అన్నారు. కళ్ళు తుడుచుకుంటూ తలుపు వైపు ఒకసారి చూశారు. మళ్ళీ అటు తిరిగి నవ్వారు.

ఎండలకి మా చేలో నేల నెర్రెలు విచ్చి ఉంది. అలాంటి నెర్రె ఒకటి ఆ తలుపు చాటున ఉంటే అందులోకి దూరిపోదును. ఇచ్చిన మాట నిలుపుకోలేకపోయినందుకు కాదు, అలా మేలమాడినందుకు నా ఒళ్ళంతా కుంచించుకుపోయింది. కాని నేను ఏడిచినా, లోపలికి పరిగెత్తినా, నా పక్కనే నిలబడి ఉన్న పక్కింటి సౌభాగ్యమ్మ ఇట్టే కనిపెట్టేస్తుంది. వరప్రసాదరావు గారు ఆలోచించుకుని చెబుతానని కారెక్కేదాకా తేలు కుట్టిన దొంగలా అక్కడే నిలబడ్డాను.

మర్నాడు పొద్దున్నే చిన్నబాబు మంచం దగ్గరికి వెళ్ళి తట్టి లేపాను.

“నీకు సిగ్గు లేదూ? తడిక చాటున పడుకుని ఆడదాని మాటలు వింటావా?”

అతను నిద్రలోంచి లేచి నిజంగానే తెల్లబోయాడు. “నువ్వు నాతో చెప్పలేదుగా వదినా. గేదెకి చెప్పావు. నేను గేదె పక్కనున్నాను. గేదె విన్నదే రాసాను.”

“అది మీ నాన్న పంచెరా.”

“జమీందారుగా మార్చాగా! అసలు ఆ సీను చెప్పాలనుకోలేదు వదినా. ఆయన లేచి వెళ్ళిపోతుంటే నోటికొచ్చేసింది. అయినా నాన్న కూడా నవ్వారు, చూడలేదూ? ఆయనకి తట్టలేదు.”

“అంతమందిలో నవ్వక ఏం చేస్తారు?” అన్నాను.

చిన్నబాబు మంచం మీద అలాగే కూర్చుండిపోయాడు. “ఆ సీను తీసేస్తా” అన్నాడు చివరికి.

పెదవి దాటితే పృథివి దాటుతుందంటారు. సీను తీసేస్తే మాట వెనక్కి వస్తుందా?

ఆ రోజు మావయ్య గారి మంచం కింద పంచె లేదు. ఆ మర్నాడూ లేదు. ఆయనే ఉతుక్కుంటున్నారేమోనని తొట్టి దగ్గర కాపు వేశాను. ఆయన రాలేదు. పక్క చూస్తే పొడిగా ఉంది. ఆయనకి తగ్గినట్టుందని దేవుడికి దణ్ణం కూడా పెట్టుకున్నాను. బుద్ధి తక్కువదాన్ని, అప్పటికీ నా బరువు దిగిందన్న ఆలోచనే గాని ఇంకోటి తట్టలేదు.

రోహిణి కార్తె వచ్చింది. రోహిణిలో రోళ్ళు పగులుతాయంటారు, ఆ ఏడు మా ఇంటి కిటికీ చువ్వలు ముట్టుకుంటే చెయ్యి చుర్రుమనేది. ఒకనాడు మావయ్య గారి మంచం పక్కన ఊడుస్తుంటే, ముందురోజు మధ్యాహ్నం నేనిచ్చిన మజ్జిగ గ్లాసు మంచం కోడు చాటున కనపడింది. నిండుగా అలాగే ఉంది, దాని చుట్టూ చీమలు. కూజా మూత తీశాను. పోసిన నీళ్ళు పోసినట్టే ఉన్నాయి. అప్పుడు నాకు పక్క ఎందుకు పొడిగా ఉందో తెలిసింది.

గ్లాసు కడిగి మళ్ళీ మజ్జిగ కలిపి, ఉప్పేసి, నిమ్మకాయ పిండి తీసుకెళ్ళాను. మా ఆయన చేలో ఉన్నారు. చిన్నబాబు పెరట్లో ఉన్నాడు.

“తాగండి మావయ్యా.”

“దాహం లేదమ్మాయ్.”

ఆయన పెదాలు ఎండి చీలి ఉన్నాయి. నేను మంచం పక్కన నేల మీద కూలబడ్డాను. “నేను ఏ మనిషికీ చెప్పలేదు మావయ్యా. పాలు ఎగబెడుతోందని... గేదెకి చెప్పా. ఏదో ఒకటి మాటాడాలని...” ఆ పైన ఏం చెప్పాలో తెలియలేదు. ఏడుస్తున్నాను. ఆయన కాళ్ళ మీద తల పెట్టాను.

ఆయన నా తల మీద చెయ్యి వేశారు. ఈ ఇంటికి వచ్చాక ఆయన నా తల మీద చెయ్యి వేయడం అదే మొదలు.

“చేపిందా?” అన్నారు.

“చేపింది మావయ్యా.”

“పోన్లే” అన్నారు. నవ్వారు కూడా. ఆ నవ్వు నాకోసం తెచ్చిపెట్టుకున్నదని తెలుస్తూనే ఉంది. గ్లాసు అందుకుని ఒక గుక్క తాగి, మిగతాది తర్వాత తాగుతానని పక్కన పెట్టారు. నేను లేవకుండా అక్కడే కూర్చుంటే, “వెళ్ళమ్మా, నువ్వు చూస్తుంటే గొంతు దిగదు” అన్నారు. వెళ్ళాను. నేను వెళ్ళకుండా ఉండవలసింది.

మా ఆయనకి చెప్పేస్తే కాళ్ళూ చేతులూ పట్టుకునైనా తాగించేవారు. చెప్పాలని అన్నం వడ్డించేటప్పుడు రెండుసార్లు నోటిదాకా వచ్చింది. పెద్దాడికి తెలియనీకన్న మాట అడ్డం వచ్చింది. తప్పకూడని చోట మాట తప్పి, తప్పవలసిన చోట మాట నిలబెట్టుకున్నాను.

తర్వాత రోజు మిట్టమధ్యాహ్నం మావయ్య గారు పెరట్లో పడిపోయారు. ఒళ్ళు పెనంలా కాలుతోంది, చెమట లేదు. పిలిస్తే ఊఁ అంటున్నారు. జట్కా తోలే మీరావలి బండి తెచ్చేదాకా నుదుటి మీద తడిగుడ్డలు వేశాం. ఆసుపత్రికి సగం దారిలో, తల మా ఆయన ఒళ్ళో ఉండగానే ప్రాణం పోయింది. వడదెబ్బ అన్నారు డాక్టరు గారు. ఆ ఏడు వడదెబ్బకి ఎంతమంది పోలేదు? ఊరంతా అదే అన్నారు. స్నానం చేయించడానికి పంచె విప్పినప్పుడు అది పొడిగా ఉంది.

చిన్నబాబు అన్నతో పాటు గుండు చేయించుకుని, కర్మ అయ్యేదాకా ఎవరితోనూ మాట్లాడలేదు. నాతో అసలే మాట్లాడలేదు. సావిడి వైపు వెళ్ళడం మానేశాడు. నేను బొల్లి దగ్గర నోరు మెదపలేక, పాలు పితికే పని పాలేరు స్తెఫనుకి అప్పజెప్పాను. బొల్లి మళ్ళీ ఎగబెట్టింది. మా ఆయన దాన్ని సంతకి తోలేశారు. నేను అడ్డు చెప్పలేదు.

పెద్దకర్మ అయిన మర్నాడు వరప్రసాదరావు గారు పరామర్శకి వచ్చారు. అరుగు మీద అవే కుర్చీలు వేశాం. పడక్కుర్చీ లోపల పెట్టేశాం. ఆయన కాసేపు తల వంచుకుని కూర్చుని, పోయినవారి గురించి అనవలసిన మాటలన్నీ మర్యాదగా అన్నారు. తర్వాత గొంతు సవరించుకున్నారు.

“ఇప్పుడనకూడదు గాని, మీకు కాస్త ఊరట అనే చెబుతున్నానండి. చిన్నబాబు కథ నేను తీస్తున్నా. మాట ఖాయం.”

మా ఆయన చేతులు జోడించారు. చిన్నబాబు తల ఎత్తలేదు.

“అందులో ఆ పంచె సీను తీసేద్దామనుకుంటున్నానండి” అన్నాడు నెమ్మదిగా.

“తీసేయడమేంటయ్యా! నీకు మతి గాని పోయిందా? కథంతటికీ ప్రాణం ఆ సీనే” అన్నారు వరప్రసాదరావు గారు. మా ఆయన వైపు తిరిగారు. “నిజం చెప్పనా జగన్నాథరావు గారూ, ఆ రోజు నాకు కథ ఎక్కలేదు. లేచిపోతున్నా. ఆ సీనుకి నేనూ నవ్వాననుకోండి, నవ్వి ఊరుకునేవాణ్ణే. కాని మీ నాన్నగారు నవ్వారు చూడండి, కళ్ళనీళ్ళు పెట్టుకుని! అంత గంభీరమైన మనిషి! ఆయన్ని అంత నవ్వించిందంటే జనాన్ని నవ్వించదా అని, ఆయన మొహం చూసి ఓకే అనుకున్నా. లేకపోతే మళ్ళీ ఈ గడప తొక్కేవాణ్ణి కాదండీ.”

చిన్నబాబు లేచి, ఎవరికీ చెప్పకుండా మెట్లు దిగి, చెప్పుల్లేకుండా ఎండలోకి వెళ్ళిపోయాడు. తండ్రి గుర్తొచ్చి తట్టుకోలేకపోయాడనుకున్నారు అందరూ.

మా ఆయన కండువాతో కళ్ళొత్తుకున్నారు. ఆ మొహంలో దుఃఖం ఎంత ఉందో మురిపెం అంత ఉంది.

“మా నాన్నకి చిన్నోడన్నా, వాడి కథలన్నా ప్రాణమండీ. పైకి చెప్పేవాడు కాదు గాని. ఏం ప్రమీలా, ఆ రోజు నువ్వూ చూసావుగా, ఎలా నవ్వాడో?”

అరుగు మీద ఉన్నవాళ్ళంతా తలుపు వైపు చూశారు.

“చూసానండి” అన్నాను. “చాలాసేపు నవ్వారు.”